కేష్కాల్ ఘాటీ భోజనం

రాయపూర్ నుంచి విజయనగరానికి రైలు ఉండగా, అడవిలో నుంచి, కొండ ఘాటీల మీద నుంచి బండి నడుపుకుంటూ సొంత ఊరికి వెళ్ళే మనిషిని భిలాయిలో ఎవరూ పూర్తిగా నమ్మరు. గురుమూర్తి ఏటా అలాగే వెళ్ళేవాడు. ఉక్కు కర్మాగారంలో ఇంజనీరు. నెహ్రూనగర్‌లో ఇల్లు. ఒక మారుతి వేను, పక్క సీట్లో భార్య హైమవతి, వెనక సీట్లో ఆమె కట్టిన పులిహోర కేరియరు. ఆ కేరియరు తెరవాల్సిన అవసరం రాకుండా చూడటమే ప్రయాణంలో తన అసలు పని అన్నట్టు ఉండేవాడతను.

దారిలో తిండి వెతకటానికి అతనికొక పద్ధతి ఉండేది. లారీలు ఆగిన చోటల్లా ఆగకూడదు. డ్రైవర్లు చెప్పులు విడిచి కూర్చున్న చోట ఆగాలి. చెప్పులు విడిచాడంటే ఆ మనిషికి అక్కడ తొందర లేదు. ఆ పద్ధతి మీద అతను ధమ్తరీ దగ్గర వేడి అటుకుల పోహా కనుక్కున్నాడు, కాంకేర్‌లో ఒక టీ కొట్టు కనుక్కున్నాడు. అవి దొరికిన రోజున అతని ముఖంలో కనిపించే తృప్తి హైమవతికి కొంచెం నవ్వు, కొంచెం విసుగు తెప్పించేది. చిన్న విషయాల్లో ఇంత ఆనందం ఉన్న మనిషి రాత్రుళ్ళు అంత లావు తత్త్వశాస్త్ర గ్రంథాలు ఎందుకు చదువుతాడో ఆమెకు ఎప్పుడూ అర్థం కాలేదు.

సూర్యావతి దొరకటం మాత్రం పద్ధతి వల్ల కాదు. ఒక వేసవిలో కేష్కాల్ ఘాటీ ఎక్కేసరికి వేను సలసల మరిగిపోయింది. పైన బలరాం అనే అతని పంక్చరు కొట్టు దగ్గర నీళ్ళ కోసం ఆపాడు. పక్కనే ఒక పాక. నులక మంచాల మీద డ్రైవర్లు రొట్టెలు, పప్పు తింటున్నారు. పెనం దగ్గర ఒక నడివయసు స్త్రీ హిందీలో వాళ్ళను అదిలిస్తూ రొట్టెలు వేస్తోంది. పాక వెనక నుంచి గాలి తిరిగింది. ఆ గాలిలో నూరిన ఆవాల ఘాటు ఉంది. బస్తరు అడవి మధ్యలో అది ఉండవలసిన వాసన కాదు.

"ఆవ పెట్టారామ్మా?" అన్నాడు గురుమూర్తి, తెలుగులోనే.

ఆమె పెనం మీద రొట్టె తిప్పటం మరిచిపోయింది.

"ఏటి, తెలుగోరా? ఏ ఊరు బాబూ?"

"విజయనగరం."

"నాది పార్వతీపురం అవతల. అరిటికాయ కూర, ఆవెట్టినాను. కాని అది అమ్మీది కాదు బాబూ, నాకోసం వొండుకున్నాను. ఈ డ్రైవరోళ్ళు ఈ వోసనకే పారిపోతారు."

"మాకు పెట్టరా మరి?"

"పెట్టకేటి! అమ్మగారూ, మీరూ దిగండి. ఆ డబ్బాలో కూకుంటే ఉడికిపోతారు."

"నేను తెచ్చుకున్నానమ్మా," అంది హైమవతి.

"తెచ్చుకున్నది ఎక్కడికీ పోదు. దిగండి."

సూర్యావతి ఆకులు వేసి వడ్డించింది. అరటికాయ ఆవకూర, బెల్లం వేసిన గుమ్మడికాయ పులుసు, అన్నం. తనూ ఒక ఆకు వేసుకుని ఎదురుగా కూర్చుంది. తిన్నంత సేపూ మాట్లాడింది. భర్త సాలూరు, రాయపూరు మధ్య లారీ నడిపేవాడట. జ్వరంతో పోయాడు. "ఊళ్ళో నాకెవులున్నారు బాబూ? లారీలు ఆగే కాడయితే నలుగురు తెలిసినోళ్ళున్నారు," అంది. డ్రైవర్లలో ఒకడు రొట్టె కోసం కేకేస్తే, "ఠహర్ రే, మేరే ఘర్‌వాలే ఆయే హైఁ," అని, తన ఇంటివాళ్ళు వచ్చారు ఆగమని కసిరింది.

గురుమూర్తి పులుసు రెండోసారి పోయించుకున్నాడు. చిన్నప్పటి వంటిల్లు గుర్తొచ్చిందా అంటే లేదు. అంతకంటే నిర్మలమైనదేదో కలిగింది. ఇది ఇలాగే ఉండాలి, మరోలా ఉండటానికి వీల్లేదు అనిపించే ఒక పొందిక. అది పదార్థంలో ఉన్న గుణమా, తినేవాడిలో ఉన్నదా అని ఘాటీ దాటి జగదల్‌పూర్ చేరేదాకా ఆలోచించాడు. పదార్థంలోనే ఉందని తేల్చుకున్నాడు. ఇంజనీరుకు ఆ జవాబే సౌకర్యం.

ఆ తరవాత ఏటా ఆగేవాడు. భిలాయిలో కూడా ఆ భోజనం గురించి చెప్పేవాడు. పక్కింటి తిరుమలరావు ఒకరోజు చేతులు జోడించాడు. "మీ ఘాటీ పులుసు కథ ఇంక ఆపండి గురుమూర్తిగారూ. మా ఆవిడ పులుసు పెడుతుంటే నేను మొహం మరోలా పెడుతున్నానట. ఇంట్లో శాంతి లేదు."

కొన్నేళ్ళు గడిచాక ఒక ప్రయాణంలో సూర్యావతి మామూలుగా అన్న మాట ఇది: "అంతా బాగానే ఉంది బాబూ. మాటాడ్డానికే మనిషి నేదు."

గురుమూర్తి వెంటనే అందుకున్నాడు. "భిలాయి వచ్చెయ్యరాదూ? ఖుర్సీపార్ బస్తీలో గది చూసిపెడతాను. అక్కడే కొట్టు పెట్టుకోవచ్చు."

"అక్కడ తెలుగోళ్ళున్నారా?"

"ఖుర్సీపార్ నిండా తెలుగువాళ్ళే. శ్రీకాకుళం, పార్వతీపురం, మీ వైపు వాళ్ళే."

ఆమె కొంగుతో చేతులు తుడుచుకుంటూ రోడ్డు వైపు చూసింది. "అయితే ఒచ్చీత్తాను," అంది.

వేను కదిలాక హైమవతి అడిగింది. "పిలిచింది ఆవిడ కోసమా, మీ కోసమా?"

"వస్తానంది కదా."

"వస్తానంది. నేనడిగింది అది కాదు."

ఆ ప్రశ్న అతనికి అనవసరం అనిపించింది. భిలాయిలో స్థానికమైనది ఎండ ఒక్కటే. ఖనిజం ఒక కొండ నుంచి, బొగ్గు మరో రాష్ట్రం నుంచి, మనుషులు దేశం నలుమూలల నుంచి తరలి వచ్చి ఇక్కడ ఉక్కు అయ్యారు. తాము తరలి వచ్చి స్థిరపడ్డవాళ్ళు కనుక, దేన్నైనా తరలించి స్థిరపరచవచ్చని ఆ ఊరి వాళ్ళందరిలాగే అతనూ నమ్మాడు.

సూర్యావతి పాకను బలరాంకు అప్పగించి వచ్చేసింది. గురుమూర్తి ఆ తరలింపును కొత్త మిల్లు నిలబెట్టినంత శ్రద్ధగా చేశాడు. ఆమె రోలు, ఇనప మూకుడు, పులుసు కాచే గిన్నె, ఘాటీ మీద కాల్చే కర్రే ఒక మోపు, అన్నీ ఒక లారీలో వచ్చాయి. ఖుర్సీపార్‌లో గున్నమ్మ అనే ఆవిడ తన ఇంటి ముందు గది ఇచ్చింది. గున్నమ్మ భర్త కర్మాగారంలో పనిచేసి రిటైరయ్యాడు. కొడుకు రాజేశ్ అక్కడే పుట్టి పెరిగినవాడు. గది మీద "ఆంధ్రా భోజనం" అని బోర్డు కట్టారు.

మొదటి ఆదివారం గురుమూర్తి వెళ్ళి ఆకు ముందు కూర్చున్నాడు. సూర్యావతి నిలబడి వడ్డించింది. ఆవ ఘాటు సరిగ్గా ఉంది. పులుసులో బెల్లం సరిగ్గా ఉంది. ఉప్పు సరిపోయింది. లోపం ఎక్కడా లేదు. అతనికి కావలసినది కూడా లేదు.

నీళ్ళ తేడా అనుకున్నాడు. తెలిసిన డ్రైవరు ద్వారా ఘాటీ మీది బోరింగు నీళ్ళు డబ్బాతో తెప్పించాడు. అదే ఫలితం. ఘాటీ ఎక్కిన అలసటలో ఆకలి ఎక్కువ, అందువల్లేమో అనుకుని మరో ఆదివారం పొద్దున్నించీ ఏమీ తినకుండా వెళ్ళాడు. ఆకలి తీరింది, అంతే.

"పోనీ, మూకుడు పాలిటెక్నిక్‌లో పరీక్ష చేయించండి," అంది హైమవతి.

ఇది అతని సొంత నిరాశ మాత్రమే అయితే దాన్ని పుస్తకాల్లో దాచేసుకునేవాడు. కాని కొట్టులోకి ఎవరూ రావటం లేదు. మధ్యాహ్నాలు సూర్యావతి బోర్డు కింద ఒక్కతే కూర్చుంటోంది. వండినది సాయంత్రానికి పక్కిళ్ళకు పంచుతోంది.

కారణం గున్నమ్మ చెప్పింది, గుమ్మంలో బియ్యం ఏరుకుంటూ. "ఏటి బాబూ, సదువుకున్నోరు మీరు. ఈ వీధిలో ఏ ఇంట్లో నేదు ఆవకూర? ఇంట్లో పెళ్ళాం ఊరికే పెట్టీదాన్ని బజార్లో ఎవుడు కొంటాడు? మా రాజేశ్‌గాడే ఉన్నాడు. నాను పులుసెడితే 'మమ్మీ, ఫిర్ సే? మళ్ళీ అదేనా?' అనీసి బజారుకెల్లి సమోసాలు తింటాడు."

ఇంత తేలిక విషయం గురుమూర్తికి తట్టలేదు. దారిలో ఉన్నవాడికి అపురూపమైనది ఇంట్లో ఉన్నవాడికి నిత్యం. ఖుర్సీపార్ తన ఇంట్లో తాను ఉన్న ఊరు. ఆ ఊరికి అతను ఒక బాటసారి ఆకలి తెచ్చిపెట్టాడు.

ఇక అతని ముందు ఉన్నది ఒకటే: ఈ మనిషి తన మాట మీద ఉన్న చోటు వదులుకుని వచ్చింది, కొట్టు మూతపడితే ఆమె ఎక్కడికి పోవాలి? ఒక సెలవు రోజున కేష్కాల్ వెళ్ళి బలరాంను అడిగాడు, పాక తిరిగి ఇస్తావా అని. బలరాం చేతిలోని ట్యూబు కింద పెట్టాడు. "అబ్ తో మేరా సాలా బైఠ్ గయా, బాబూజీ. బీవీ మాయకే చలీ జాయేగీ, అగర్ ఉస్కో ఉఠాయా తో," అని, బావమరిదిని లేపితే పెళ్ళాం పుట్టింటికి పోతుందని నవ్వాడు. పాకలో బలరాం బావమరిది అప్పటికే కొత్త బల్లలు వేశాడు. గురుమూర్తి అక్కడ ఏమీ తినకుండా తిరిగి వచ్చాడు.

ఆ వార్త చెప్పాల్సి వస్తుందని అతను చాలా వారాలు ఖుర్సీపార్ వైపు వెళ్ళలేదు. మిల్లులో పెద్ద మరమ్మతులు వచ్చాయి, అది నిజమే. కాని అవి రాకపోయినా ఏదో ఒక పని దొరికేది. చివరికి ఒక ఉపాయం ఆలోచించి హైమవతికి చెప్పాడు. సూర్యావతిని తమ ఇంట్లో వంటకు పెట్టుకుందాం.

హైమవతి కత్తిపీట మీద నుంచి తల ఎత్తింది. "మీకు పులుసు కావాలా, ఆవిడ బాగుండటం కావాలా? ముందు అది తేల్చుకుని వెళ్ళండి. రెండూ ఒకటే అనుకునే కదా ఇంత దూరం తెచ్చారు."

తేల్చుకోకుండానే బయల్దేరాడు. పాక ఇక లేదు, మా ఇంటికి రండి: ఈ రెండు మాటలనూ ఏ వరసలో చెప్పాలో దారంతా కూర్చుకున్నాడు.

ఉదయం షిఫ్టు వదిలిన వేళ. సందు మలుపు తిరగగానే సైకిళ్ళు అడ్డం వచ్చాయి. వేను అక్కడే ఆపి నడిచాడు. సైకిళ్ళన్నీ సూర్యావతి గది ముందే ఆగి ఉన్నాయి. లోపల చోటు చాలక మనుషులు గోడ వెంబడి కూర్చుని తింటున్నారు. బీహారు వాళ్ళు, ఛత్తీస్‌గఢీ వాళ్ళు, సగానికి పైగా తెలుగువాళ్ళు. పెద్ద పెనం మీద సూర్యావతి రొట్టెలు వేస్తోంది.

"దీదీ, ఏక్ ఔర్!" అని రాజేశ్ కంచం చాపాడు.

"ఏక్ ఔర్, ఏక్ ఔర్... మీయమ్మ నన్ను తిడతంది రా, ఇంట్లో అన్నం మిగిలిపోతందని," అంటూ రొట్టె విసిరింది. అప్పుడు గురుమూర్తిని చూసింది. "బాబుగారా! ఎన్నాళ్ళకి! రండి, కూకోండి. ఒరే, జరగండ్రా!"

వాళ్ళు జరిగి చోటిచ్చిన బల్ల మీద అతను కూర్చున్నాడు. "ఇదెప్పటి నుంచి?"

"మీరు రాటం మానీసిన కాణ్ణించి," అని నవ్వింది. "కోప్పడకండి బాబూ. మీరొత్తారని ఆదోరం ఆదోరం ఆ పులుసే పెట్టీదాన్ని. మీరేమో తద్దినం బోజనం తిన్నట్టు తలొంచుకుని తినీవోరు. ఒకరోజు ఈ గున్నమ్మొదినే అంది, ఆ లారీవోళ్ళకి సేసినదేదో సెయ్యొచ్చు కదే అని. రొట్టి, పప్పు తడకా. నాకు సేతకానిదేటి? అక్కడ రోజల్లా సేసినాను కదా. మీరే దాన్నెప్పుడూ నోట్లో ఎట్టుకోనేదు."

అది నిజం. ఘాటీ మీద ఆమె హోటలు ఆ రొట్టెల హోటలే. తను ప్రేమించినది ఆ హోటలును కాదు. ఒక మనిషి తనకోసం వండుకున్నదాన్ని.

"మరి పులుసు మానేశారా?"

"మానీత్తే నానేటి తింటాను బాబూ? ఈ గుంపు ఎల్లిపోనాక ఎనకింట్లో కూకుంటాం. గున్నమ్మొదిన, ఇంకో ఇద్దరు. ఆవిడది కూర, నాది పులుసు. తిన్నంత సేపు మాటలే. మొన్న నవ్వి నవ్వి నాకు పొలమారిపోయింది."

గురుమూర్తి ఎదురుచూశాడు. మీరూ ఉండండి బాబూ అనే మాట కోసం. ఆమె అనలేదు. అనకూడదని కాదు, ఆమెకు అది తోచలేదు. తను ఎదురుచూస్తున్నానని అతనికి కొంచెం ఆలస్యంగా తెలిసింది.

ఆమె పిండి ముద్ద చేతుల మధ్య తిప్పుతూ, దేనికో జవాబుగా కాకుండా అంది: "అక్కడయితే మీరూ అమ్మగారూ ఒచ్చిన రోజే కూకుని తినీదాన్ని. మిగతా రోజులు పొయ్యి కాడ నిలబడే తినీసీదాన్ని."

ఇన్నాళ్ళూ నీళ్ళలో, కర్రలో, ఆకలిలో అతను వెతికినది అదే. పదార్థంలోనూ లేదు, తినేవాడిలోనూ లేదు. ఏడాదికొకసారి కూర్చుని తినే ఒక మనిషి ఎదట అతను కూర్చున్నాడు. ఇప్పుడు ఆమె రోజూ కూర్చుంటోంది. ఇందులో విచారించవలసినది ఏమైనా ఉందా అని తనలో వెతుక్కున్నాడు. కొంచెం కనిపించింది. కాని అది తనకు సంబంధించినదే. ఆమెకు దానితో పని లేదు.

"ఏటో సెప్పాలని ఒచ్చినట్టున్నారు?" అంది సూర్యావతి.

"లేదమ్మా. ఊరికే చూసి పోదామని."

"సూత్తే కడుపు నిండదు," అని కంచంలో రొట్టె, పప్పు పెట్టి ఇచ్చింది. అప్పుడే బయట మరో నాలుగు సైకిళ్ళు ఆగాయి. ఆమె అటు తిరిగింది.

రొట్టె మందంగా ఉంది, అంచుల్లో కాస్త మాడింది. పప్పులో వెల్లుల్లి ఎక్కువ. నెహ్రూనగర్‌లో ఎవరికీ దీన్ని గురించి వర్ణించి చెప్పటానికి ఏమీ లేదు. పక్కన కూర్చున్న బీహారు మనిషి, "భయ్యా, జరా ప్యాజ్ బఢానా," అన్నాడు. గురుమూర్తి ఉల్లిపాయల పళ్ళెం అతని వైపు జరిపి, చెప్పులు విడిచి బల్ల కిందకు తోసి, ఇంకొక రొట్టె అడిగాడు.