చీకటి గళ్ళలో కూర్చున్నామె

"చేతులు ఖాళీగనే ఉన్నయి గద, జర గా క్యాసెట్ విప్పి పెట్టు," అన్నాడు అమరేందర్, వంటింటి గడప మీద నిలబడి.

అప్పుడు అతని భార్య అండాలు రెండు చేతులకూ జొన్నపిండి ఉంది. పొయ్యి మీద పెనం కాలుతోంది. పీట మీద రొట్టె సగం తట్టి ఉంది. ఆమె తలెత్తి అతన్ని చూసింది, తన చేతులను చూసుకుంది, రొట్టె తిప్పింది. పెళ్లయిన కొత్తలో అయితే "ఏడ ఖాళీ?" అని అడిగి ఉండేది. అడిగితే ఏమవుతుందో ఇప్పుడు తెలుసు. "ఒక్క మాటంటే పడదు నీకు," అంటాడు. లోపలి నుంచి అత్త అమృతమ్మ "మొగోడు దుకాణంల సచ్చేటట్టు కూసుంటడు, నీకేం రోగమే," అంటుంది. రొట్టె మాడుతుంది. మాడిన రొట్టె చివరికి తన పళ్ళెంలోకే వస్తుంది.

నార్కట్‌పల్లిలో బస్సులు ఆగే చోట వాళ్ల దుకాణం. ముందు దుకాణం, వెనక ఇల్లు, మధ్యలో పూల పరదా. చేతిలో పట్టుకొని ఆడే గేమ్ డబ్బాలను అమరేందర్ గంట లెక్కన కిరాయికి ఇస్తాడు. బడి పిల్లలే కాదు, బస్సు తప్పిపోయిన పెద్దవాళ్లు కూడా బల్ల మీద కూర్చొని బొటనవేళ్ళు అరిగేదాకా ఆడతారు. పరదా ఇవతల, ఇంటి వైపు, ఒక పాత కంప్యూటర్ ఉంది. పెళ్లి పత్రికలు అచ్చు వేద్దామని తెచ్చాడు. అండాలు ఇంటర్ అయ్యాక నల్గొండలో టైపు, కంప్యూటర్ నేర్చుకుంది కాబట్టి ఆ కంప్యూటర్ ముందు కూర్చోవడం ఆమె వంతయింది. పెళ్లి పత్రికల మీద 'అమరేందర్ గ్రాఫిక్స్' అని ఉంటుంది.

క్యాసెట్ విప్పడం అంటే మరలు తీయడం కాదు. హైదరాబాదులో కోఠి దగ్గర నుంచి అమరేందర్ ఒక చిన్న పెట్టె తెచ్చాడు. దాంట్లో గేమ్ క్యాసెట్ గుచ్చి తీగ కంప్యూటర్‌కు కలిపితే, లోపలి ఆటంతా ఒకటే ముద్దగా ఇవతలికి వస్తుంది. ఆ ముద్దలో బొమ్మలు ఎక్కడున్నాయో, చప్పుళ్లు ఎక్కడున్నాయో, అక్షరాలు ఎక్కడున్నాయో వెతికి విడదీయాలి. విడదీశాక బొమ్మలు మార్చి, మళ్లీ కలిపి, ఖాళీ క్యాసెట్‌లోకి ఎక్కించాలి. అమరేందర్ ఒక రోజు ప్రయత్నించి, కళ్ళు మండుతున్నాయని లేచిపోయాడు. "గిది కూసునే పని, ఆడోళ్లదే," అన్నాడు.

అండాలుకు ఆ బొమ్మలు కొత్తగా అనిపించలేదు. తెరమీద అన్నీ చిన్న చిన్న గళ్ళు. ఒక గడి నల్లన, ఒక గడి తెల్లన, మధ్యలో రెండు బూడిద వన్నెలు. పోచంపల్లిలో పుట్టినింట్లో గోడలకు ఇలాంటి గళ్ళ కాగితాలే అంటించి ఉండేవి. తండ్రి గుర్వయ్య మగ్గం మీద నేసేవాడు. అంతకుముందు జరగవలసిందంతా తల్లి జానమ్మ చేసేది. గళ్ళ కాగితం చూస్తూ నూలు కట్టలకు సైకిల్ ట్యూబు ముక్కలతో చిటికి కట్టేది. కట్టిన చోట రంగు అంటదు, తెల్లగా మిగులుతుంది. దానికన్నా ముందు ఆసు పోసేది. మేకుల చుట్టూ దారాన్ని ఆ చివర నుంచి ఈ చివరకు, ఈ చివర నుంచి ఆ చివరకు, చెయ్యి ఊపుతూ, పొద్దంతా. భుజం వాచేది. ఉప్పు వేడి చేసి గుడ్డలో కట్టి కాపడం పెట్టుకొని మళ్లీ కూర్చునేది. చీర మగ్గం దిగాక అందరూ "గుర్వయ్య చీర" అనేవాళ్లు. ఒకసారి ఎవరో పట్నం వాళ్లు వచ్చి ఫోటో తీశారు. చీర ఉంది, గుర్వయ్య ఉన్నాడు, మగ్గం ఉంది. ఒక మూలన మోచేతి దాకా ఒక చెయ్యి పడింది. ఆ చెయ్యి ఎవరిదని ఎవరూ అడగలేదు.

జానమ్మ పోయి ఏడాది కూడా కాలేదు. చివరి రోజుల్లో దవాఖాన మంచం మీద తెలివి లేకుండా పడుకున్నప్పుడు కూడా ఆమె కుడిచెయ్యి గాలిలో ముందుకూ వెనక్కూ పోయేది. నర్సు పట్టుకొని మంచం మీద పెడితే, వదలగానే మళ్లీ లేచేది. "అమ్మా, ఆసు అయిపోయిందే, పండుకో," అని అండాలు చెవిలో చెప్పింది. చెయ్యి వినలేదు.

ఈ సంగతులన్నీ ఆ గళ్ళ ముందు కూర్చుంటేనే గుర్తొచ్చేవి.

మొదటి ఆట ఇళ్ల కప్పుల మీద పరుగెత్తే మనిషిది. వాడికి ధోతి కట్టించాలి, తలకు రుమాలు చుట్టాలి, ఆట మొదట్లో దుకాణం పేరు రావాలి. అండాలు గళ్ళకు గుర్తు పెడుతూ పోయింది. తీరా గేమ్ డబ్బాలో పెట్టి చూస్తే మనిషి తెల్లటి దయ్యంలా ఉన్నాడు, ధోతి నల్లగా ఉంది, ఆకాశం మసిబొగ్గు. ఆమెకు నవ్వొచ్చింది. తల్లి చెయ్యి తన చేతిలోకి వచ్చి చేసిన పని అది. తెల్లగా మిగలాల్సిన చోటల్లా గుర్తు పెడుతూ పోయింది, చిటికి కట్టినట్టు. కానీ ఇక్కడ గుర్తు పెట్టిన గడే నల్లబడుతుంది.

"అగ్గో, సాలెబుద్ధి ఏడికి పోతది!" అని అమరేందర్ పడీపడీ నవ్వాడు. తానూ సాలెవాడేనన్న సంగతి అతనికి అప్పుడు గుర్తు లేదు.

ఒక్కో గడీ దిద్దే ఓపిక లేక, అండాలు మొత్తం ఆటనే తిరగేసింది. నలుపు తెలుపు కావాలి, తెలుపు నలుపు కావాలి. అలా తిరగేసినప్పుడు మనిషి సరయ్యాడు. బొమ్మలన్నీ అయిపోయాక చివరన ఇంకో జాగా ఉంది. అది వట్టి చీకటి, ఖాళీ అనుకున్నారు ఇద్దరూ. ఇప్పుడు ఆ చీకటి తెల్లబడింది. తెలుపు మీద లేత బూడిదరంగులో ఒక ఆడమనిషి కూర్చొని ఉంది.

ఒక మోకాలు మడిచి, ఒక మోకాలు నిలబెట్టి, జుట్టు ముడి వేసుకొని. కుడిచెయ్యి కొంచెం పైకి లేచి ఉంది.

పక్క గళ్ళలో ఆమే సగం లేచింది. ఆ పక్కన నిలబడింది. తరువాత ఒక కాలు ముందుకు, ఇంకో కాలు ముందుకు. దూకే బొమ్మ కూడా ఉంది. ఏ దేశంలో ఎవరు గీశారో, ఆమె నడకంతా గీసి పెట్టారు. కానీ ఆటలో ఎక్కడా ఆమె రాదు. అండాలు ఆట మొదటి నుంచి చివరి దాకా ఆడి చూసింది, పొయ్యి మీద పప్పు ఉడుకుతుంటే, బట్టలు నానుతుంటే. ఏ కప్పు మీదా లేదు, ఏ తలుపు వెనకా లేదు. ఆటకు ఆమెతో పని పడలేదు. చీకట్లో కూర్చోబెట్టి, క్యాసెట్ మూసేశారు.

అప్పటి నుంచి ఇంట్లో చప్పుడు మొదలైంది. దారం మేకును రాసుకొని పోయే చప్పుడు. అంట్లు తోముతుంటే గోడ అవతల వినిపించేది. బిందె దించి వింటే ఆగేది. మిట్ట మధ్యాహ్నం అత్త కునుకు తీస్తున్నప్పుడు, కంప్యూటర్ ఆపేసి ఉన్నా, ఆ నల్లటి తెరలో ఎవరో మోకాలు నిలబెట్టి కూర్చున్నట్టు ఉండేది. దగ్గరికి పోతే తన మొహమే. భయం వేయాలి. వేయలేదు. అమ్మా, నన్నేం చెయ్యమంటవే అని అడగాలనిపించేది, అంతే. ఒకనాడు చారు కలుపుతుంటే అమృతమ్మ మంచం మీద నుంచి లేచి కూర్చుంది.

"చెయ్యి గట్ల ఊపుతవేందే? ఉత్తగనే?"

అండాలు చూసుకుంది. గరిటె గిన్నెలోనే ఉంది. చెయ్యి మాత్రం గాలిలో, ముందుకూ వెనక్కూ.

చెప్పుకోవడానికి మనిషి లేక, ఆ సాయంత్రం అన్నం వడ్డిస్తూ అమరేందర్‌తోనే చెప్పింది. "ఆటల ఒక ఆడమనిషి ఉన్నది. ఎవ్వలికీ కనపడకుంట దాచిండ్రు. నడుస్తది గూడ." చెబుతుంటే ఆమె గొంతులో ఉత్సాహం వచ్చింది. ఆ ఉత్సాహానికి తర్వాత ఎన్నిసార్లు తనను తాను తిట్టుకుందో.

అమరేందర్ ముద్ద ఆపాడు. "అంటే గా ఆఖరి జాగా వాడుకంల లేదన్నట్టు! నేను జాగ లేదు జాగ లేదు అని ఫికర్ చేస్తున్న. దాన్ని తీసేసి నా ఫోటో పెట్టు. ఆట షురూ కాంగనే నా మొహం రావాలె. శుక్రవారం నూరుద్దీన్ భాయ్ వస్తడు, క్యాసెట్ తీస్కపోయి ఊరూరికి పంపుతడు."

"తీసెయ్యాల్నా?"

"వాడనిదాన్ని ఉంచుకొని ఏం జేస్తవ్? ముద్దువెట్టుకుంటవా?"

క్యాసెట్‌లో జాగా కొలిచినట్టు ఉంటుంది. ఒకటి పెట్టాలంటే ఒకటి చెరపాలి. ఫోటోను గళ్ళుగా మార్చి తెచ్చి, ఆమె మీద పరిస్తే చాలు. ఒక మీట నొక్కితే అయిపోయే పని. అండాలు ఆ మీట మీద వేలు పెట్టింది, తీసింది. చిక్కుడుకాయలు ఏరింది, వచ్చి కూర్చుంది, వేలు పెట్టింది, తీసింది. పుట్టింట్లో తీసిన ఆ చీర ఫోటోలో మోచేతి దాకా పడిన చెయ్యి గుర్తొచ్చింది. దాన్ని ఇంకాస్త పక్కకు కత్తిరించమని ఇప్పుడు తనకే చెబుతున్నారు. కత్తెర తన చేతికే ఇచ్చారు. అమ్మను ఫోటో తీసినవాడు అమ్మను చూడలేదు, సరే. నేను చూసిన. చూసి చెరిపితే నన్నేమనాలె?

గోడ అవతల దారం రాసుకుంటోంది. ముందుకు. వెనక్కు.

శుక్రవారం పొద్దున ఆమె పని పూర్తి చేసింది. ఇల్లు ఊడ్చి, నీళ్ళు పట్టి, ఇద్దరికీ తిండి పెట్టి, ఆ తర్వాత.

నూరుద్దీన్ మధ్యాహ్నం బస్సు దిగాడు. సన్నటి మనిషి, మాటకు ముందు నవ్వు. పరదా అవతల అతని గొంతు వినిపిస్తోంది. "అమరేందర్ భాయ్, మొన్న చూపెట్టిన నమూనల రుమాలు కట్టు అసలు కమాల్! ఎవరు గీసిండ్రు?"

"ఇంకెవరు భాయ్, నేనే. రాత్రి పగలు కూసొని విప్పిన. ఇంట్ల ఆమె ఉన్నది గని, ఏదో టైప్ గొడ్తది, అంతే."

ఇవతల అండాలు పొయ్యి మీద చాయ్ పెట్టి, చివరిసారి చూసుకుందామని క్యాసెట్‌ను గేమ్ డబ్బాలో పెట్టింది. పక్కన అమృతమ్మ వచ్చి నిలబడింది. ఆమె ఎన్నడూ ఆ డబ్బాను ముట్టుకోలేదు.

"ఎవరే గిది?"

"తెల్వదత్తమ్మా."

"గట్లనే కూసుంటదా?"

"గీ బటన్ ఒత్తితే లేస్తది."

అమృతమ్మ కొంగుకు వేలు తుడుచుకొని ఒత్తింది. చిన్న ఆడమనిషి లేచి నిలబడింది. ఇంకోసారి ఒత్తితే నడిచింది. కప్పు చివర దాకా వచ్చి ఆగింది. అమృతమ్మ డబ్బాను రెండు చేతుల్లోకి తీసుకుంది. "పడ్తదేమోనే!" "ఇది ఒత్తు, దుంకుతది," అంది అండాలు. దూకింది. అవతలి కప్పు మీద నిలబడింది. ముసలామె డబ్బాను మొహానికి దగ్గరగా తెచ్చుకుంది.

"ఏమే, చాయ్ ఏది? క్యాసెట్ తే!" అమరేందర్ అరిచాడు.

అండాలు అత్త చేతిలో నుంచి డబ్బాను మెల్లగా తీసుకుంది. పొయ్యి ఆపింది. చాయ్ పోయలేదు. పరదా తొలగించుకొని ఆ డబ్బాతో దుకాణంలోకి వచ్చింది. ఎన్నేళ్లుగానో పళ్ళెం పట్టుకొని తప్ప ఆ పరదా దాటలేదని అప్పుడు తెలిసింది ఆమెకు.

అమరేందర్ మీట వేసి చూశాడు. తన మొహం రాలేదు. దుకాణం పేరు రాలేదు. ధోతి మనిషి రాలేదు. ఆ ధోతి మనిషిని ఆమె చీకటి గళ్ళలోకి పంపించింది, ఆడమనిషి లేచిన చోటికి.

"ఏందిది? నా ఫోటో ఏది? దీన్ని తీసెయ్యమన్న గద!"

"తీసెయ్యలే. లేపిన."

"మళ్ల మార్చు. ఇప్పుడే. భాయ్ బస్సుకు పోవాలె."

"నేను మార్చ." ఆమె గొంతు పెంచలేదు. ఆమె కుడిచెయ్యి పక్కన నిమ్మళంగా వేలాడుతోంది. "రాత్రి పగలు కూసొని విప్పినవని ఇప్పుడే చెప్పినవ్ గద. కంప్యూటర్ లోపలనే ఉన్నది. విప్పుకో."

నూరుద్దీన్ నవ్వు ఆగింది. అతను అమరేందర్ వైపు చూశాడు, అండాలు వైపు చూశాడు, చివరికి తెర మీద కూర్చున్న చిన్న ఆడమనిషి వైపు చూశాడు. రోడ్డు మీద ఏదో బస్సు హారన్ కొట్టింది.

అమరేందర్ నోరు తెరిచాడు. అతని మాట రాకముందే పరదా కదిలింది. అమృతమ్మ గడప దాటి వచ్చి, కొడుకు ముందు చెయ్యి చాపింది.

"గా డబ్బ ఇటియ్యిరా," అంది. "ఆమె నడిమిట్ల ఆగిపోయింది."