ముందు గది

"అబ్బే, వ్యాపారమేమీ లేదండీ. మా ఆవిడ ఏదో కాలక్షేపానికి కుట్టుకుంటుంది."

భర్త ఆ మాట అన్నప్పుడు ఆమె టీ కప్పులతో గుమ్మంలో నిలబడి ఉంది. రోడ్డు వెడల్పు చేయడానికి వాళ్ళ ముందు గది తీసుకుంటున్నారు. నష్టపరిహారం లెక్క కట్టడానికి వచ్చిన ఆఫీసరు గోడలు కొలిచాడు, పైకప్పు చూశాడు, గేటు కూడా రాసుకున్నాడు. నిమ్మచెట్టు కాపుకొచ్చిందా అని అడిగాడు. చివరికి కిటికీ పక్కనున్న కుట్టు మిషను చూసి, "ఇక్కడ షాపేమైనా నడుస్తోందా? ఉంటే బతుకుతెరువు పోయినందుకు విడిగా ఇస్తాం" అన్నాడు. దానికి భర్త చెప్పిన జవాబు అది. ఆఫీసరు తలూపి, టీ బాగుందమ్మా అని వెళ్ళిపోయాడు.

కాలక్షేపమట! ఆమె దగ్గర అంత కాలం ఎక్కడేడ్చింది? వంట, క్యారియర్లు, అత్తగారి మందులు అయ్యాక మిషను ముందు కూర్చుంటే, అటు పాలు పొంగుతాయి, ఇటు బెల్లు మోగుతుంది. "అమ్మాయ్, ఆ చప్పుడు ఆపు, తల పగిలిపోతోంది" అని లోపల్నించి అత్తగారి కేక. ఆ చప్పుడే కదా ఆవిడకి కంటి ఆపరేషను చేయించింది. ఆయనగారు ఉద్యోగం ఊడి రెండేళ్ళు ఇంట్లో కూర్చున్నప్పుడు పొయ్యి వెలిగించిందీ అదే. అప్పుడు కూడా స్నేహితులొస్తే మిషను మీద దుప్పటి కప్పించేవాడు. బోర్డు పెట్టుకుంటానని కొత్తలో ఒకసారి అడిగితే, "పెళ్ళాం సంపాదన తింటున్నానని ఊరంతా చాటింపు వేస్తావా?" అన్నాడు. ఆమె మళ్ళీ అడగలేదు.

డబ్బు సంగతి అలా ఉంచితే, ఆ గది పోతే తనతో మాట్లాడేదెవరు? ఇంట్లో రోజంతా వినబడేవి తువ్వాలెక్కడ, ఉప్పెక్కువైంది, ఇవే. ముందు గదిలో మాత్రం కొలతలకి చేతులెత్తి నిలబడ్డ ఆడవాళ్ళు ఇంకెక్కడా చెప్పుకోని మాటలు చెప్పుకునేవారు. అన్నీ వినేది. నీ సంగతేమిటని ఆమెని ఎవరూ అడిగింది లేదు. అయినా ఆ గొంతులుండేవి, చాలు. తన బట్టలు మాత్రం అందాజుగా కత్తిరించుకునేది. టేపు రెండో కొస పట్టుకునేవాళ్ళెవరూ ఆ ఇంట్లో లేరు.

రాత్రి అన్నం తింటూ భర్త అన్నాడు, "ఎదుటి పంచరు షాపువాడికి షాపు పోయినందుకు కూడా ఇస్తున్నారట."

"మరి నాకు?"

"వాడికి బోర్డుంది. నీకేముంది?"

ఆమె గిన్నె మీద మూత పెట్టి ముందు గది వైపు చూసింది. నిజమే, ఏముంది?

మర్నాడు ఎవరికీ చెప్పకుండా ఆఫీసుకి వెళ్ళింది. ఆఫీసరు గుర్తుపట్టాడు.

"మీవారే షాపు లేదన్నారు కదమ్మా?"

"మీరు ఆయన్ని అడిగారండీ. కుట్టేది నేను."

ఆయన తను రాసుకున్న కాగితం తీసి మళ్ళీ చూశాడు. "సరే, రేపు పొద్దున్నే మళ్ళీ వచ్చి చూస్తాం" అన్నాడు.

అక్కణ్ణించి తిన్నగా బోర్డులు రాసే అతని దగ్గరికి వెళ్ళి, అతను రాసేదాకా కూర్చుంది. ఇంటికొచ్చి కుర్చీ వేసుకుని రోడ్డువైపు గోడకి మేకు కొడుతుంటే, చప్పుడుకి భర్త బయటికొచ్చాడు. బోర్డు చదివాడు. "ఇక్కడ ఆడవారి దుస్తులు కుట్టబడును."

"రేపు పొద్దున్నే ఆఫీసరుగారు మళ్ళీ చూడ్డానికొస్తున్నారు" అంది ఆమె.

"రేపు ఆఫీసరు ముందు నన్ను అబద్ధాలకోరుని చేస్తావా?"

ఆమె మేకు మీద ఇంకో దెబ్బ వేసింది.

"నెల్లాళ్ళలో కూలగొట్టే గోడకి బోర్డెందుకే, పిచ్చిదానా?"

"ఏం కూలగొడుతున్నారో చూసి కూలగొడతారనండీ" అంది ఆమె. "కుర్చీ ఊగుతోంది. కాస్త పట్టుకోండి."