నాటుకు పోయిన వాచీ

పద్నాలుగేళ్లకే కళ్యాణికి ఒక కాపలాదారు దొరికాడు. వాడి పేరు స్మార్ట్ వాచీ. ఎంత పరుగెత్తింది, గుండె ఎలా కొట్టుకుంది, అన్నీ భూపాలపల్లిలో ఉన్న నాన్న ఫోనుకు చేరవేస్తాడు. నాన్న యుగేందర్ అక్కడ బొగ్గు గనిలో పనిచేస్తాడు. డ్యూటీ దిగి పైకి రాగానే, మొహమైనా కడుక్కోకుండా కూతురి పరుగు చూసుకుంటాడు. ప్రేమే, కాదనలేం. కానీ ఆ ప్రేమకు ఆదివారం లేదు.

జనగామలో పరుగు పోటీలు దగ్గర పడుతుండగా కళ్యాణికి మోకాలి కింద ముందెముకలో నొప్పి పట్టుకుంది. అడుగు తీసి అడుగు వేస్తే ప్రాణం పోతోంది. మహబూబాబాద్‌లో డాక్టరు చూసి, పరుగు ఆపకపోతే ఎముక విరుగుతుందన్నాడు.

"డాక్టర్లు గట్లనే అంటరు బిడ్డా. ఒక్కరోజు ఆగినా నాకు ఫోన్ల కనబడ్తది," అన్నాడు యుగేందర్ ఫోనులో.

కూతురి ఏడుపు చూడలేక తల్లి విజయ ఆ వాచీ విప్పి తన చేతికి పెట్టుకుంది.

"నువ్వు కాలు సాపుకొని పండుకో. నేను నాటుకు పోతున్న. గిది ఎవ్వల చేతికున్నదో మీ బాపుకేం ఎర్క?"

వాళ్ల ఊరు పెద్దవంగర పొలాల్లో నాట్లు ముమ్మరంగా సాగుతున్నాయి. నారు కట్టలు మోస్తూ, బురదలో నడుం వంచి నాటేస్తూ విజయ పొద్దుగూకేదాకా తిరిగింది. మర్నాడూ అంతే, ఆ మర్నాడూ అంతే. కళ్యాణి కాలు కాస్త కుదుటపడింది.

ఇంతలో యుగేందర్ సెలవు పెట్టి బండి మీద దిగాడు. మొహం వెలిగిపోతోంది.

"నా బిడ్డ మామూల్ది కాదు! పొద్దంత ఉరుకుడే ఉరుకుడు. గుండె ఎట్ల కొట్టుకుంటాందో మా గనిల అందరికి చూపెట్టిన. డాక్టరు మాట ఇంటే ఆగమైతుంటిమి. జనగామల పెద్ద పరుగుకు గూడ నీ పేరిచ్చిన!"

 ఇంక దాచి లాభం లేదనుకుంది కళ్యాణి.

"బాపూ, గది నేను కాదు. అమ్మ పెట్టుకున్నది. నాటుకాడ."

యుగేందర్ భార్య వైపు చూశాడు. నీళ్లలో నాని పగిలిన ఆమె పాదాలు ఎదురుగానే ఉన్నాయి. తిడతాడేమోనని తల్లీకూతుళ్లు బిక్కచచ్చి నిలబడ్డారు. ఆయనకు కోపం రాలేదు, నవ్వొచ్చింది. కడుపు పట్టుకుని మరీ నవ్వాడు.

"నాటేస్తే గింతగనం గుండె కొట్టుకుంటదా? మీ అమ్మ రోజూ చేసే పనే గదా గది! తప్పిచ్చుకోనీకె మస్తు కథ అల్లిండ్రు."

"నీ మీద ఒట్టు, నేనే పెట్టుకున్న," అంది విజయ.

"నువ్వు ఊకో."

మర్నాడు పొద్దున్నే స్కూలు గ్రౌండులో కళ్యాణి పళ్లు బిగించి పరుగు మొదలుపెట్టింది. ఏం చేస్తుంది పాపం? అబద్ధానికి మెచ్చుకున్నాడు, నిజానికి నవ్వాడు. మొదటి మలుపులోనే కాలు భగ్గుమంది. వెనక నుంచి బండి హారను మోగింది.

"మొన్నటి లెక్క ఉరుకు బిడ్డా, మొన్నటి లెక్క!"