భంతే అడిగిన మాట

నాచారంలో రేకుల షెడ్డులో నడిచే బుద్ధవిహారానికి ఆ రోజు నాయకుడు వస్తున్నాడు. స్థలానికి పట్టా ఇస్తానని పదేళ్లుగా చెబుతున్న మనిషి, బుద్ధపూర్ణిమ నాడు ఆ కాగితం తెస్తున్నాడు.

పొద్దున్నే మల్లవ్వ వచ్చి ముసలి భిక్షువు కాళ్ల మీద పడింది. ఫ్యాక్టరీ ముందు ధర్నా చేసినందుకు ఆమె కొడుకు ఉపేందర్‌ను పోలీసులు తీసుకుపోయి నాలుగు రోజులైంది. ఎక్కడ ఉంచారో ఎవరూ చెప్పడం లేదు.

"భంతే, నీ మాటైతే ఆయన ఇంటడు. నా కొడుకు ఉన్నడో లేడో జర అడుగు."

విహారం కమిటీ పెద్ద హన్మయ్య ఆమెను పక్కకు లాగాడు. "ఇయ్యాల గా ముచ్చట తియ్యకవ్వా. పట్టా చేతికి రానీ."

నాయకుడు వచ్చి బుద్ధుడికి దండ వేశాడు. కెమెరాల వైపు తిరిగి కాగితం అందించాడు. భిక్షువు చెయ్యి చాచలేదు.

"ఉపేందర్ ఎక్కడున్నడు?" అని అడిగాడు.

నాయకుడు నవ్వుతూనే ఉన్నాడు. "మీరు ధ్యానం సూస్కోండ్రి భంతే. రాజకీయం మేం సూస్కుంటం." కాగితం మడిచి జేబులో పెట్టుకుని కారెక్కాడు.

హన్మయ్య కూలబడి ఏడ్చాడు. "పదేండ్లాయె భంతే! ఒక్క మాటతోని ముంచితివి."

మల్లవ్వ ఇదేమీ వినలేదు. "ఆయనకు ఎరుకే, నా కొడుకెక్కడున్నడో ఎరుకే," అంటూ కారు వెనక ఉప్పల్ దారిన చెప్పుల్లేకుండా పరుగెత్తింది. భిక్షువు ఆమె వెనకే వెళ్లాడు.

రెండు రోజులు ఇద్దరూ కాళ్లరిగేలా స్టేషన్లు తిరిగారు. ఆ పేరుతో ఎవరూ లేరన్నారు. తిరిగొచ్చేసరికి విహారానికి హన్మయ్య కొత్త తాళం వేశాడు. మల్లవ్వ భిక్షువును ఇంటికి తీసుకుపోయి, ఉపేందర్ పడుకునే చాప పరిచింది.