రాకెట్ రే గొంతు

హ్యూస్టన్ దక్షిణపు పేటల్లో రాకెట్ రే పాట తెలియని మనిషి లేడు. రాకెట్ రే ఎవరో తెలిసిన మనిషీ లేడు. ఈ రెండో ముక్కే రెనార్డ్ ఫాంటెనో ప్రాణం మీదికి తెచ్చింది. ఎందుకంటే ఆ రాకెట్ రే అతనే.

రెనార్డ్ చువ్వలా ఉంటాడు. గొంతు అంతకంటే సన్నం. ఆ గొంతుతో ఊపిరి పీల్చకుండా ర్యాప్ మొదలుపెట్టాడంటే వేడి పెనం మీద మొక్కజొన్న గింజలు పేలినట్టే ఉంటుంది. తొమ్మిదిమంది పిల్లల ఇంట్లో పుట్టాననీ, గంబో పులుసు గిన్నె తన దాకా వచ్చేలోగా చెప్పాల్సింది చెప్పేయకపోతే రొయ్యలు దక్కేవి కావనీ, తన వేగం అక్కడ పుట్టిందేననీ అడిగినవాళ్ళకల్లా చెప్పుకుంటాడు. అడగనివాళ్ళకి కూడా చెబుతాడనుకోండి, అది వేరే సంగతి.

ఇరవయ్యేళ్ళకి ఒక రికార్డు చేశాడు. ఎన్ని అమ్ముడయ్యాయో చెప్పుకుంటే సిగ్గుచేటు. మిగిలిన వాటిలో ఒకటి తీసుకెళ్ళి స్లో నెల్సన్ చేతిలో పెట్టాడు. నెల్సన్ అంటే ఆ పేటలకి పెద్ద దిక్కు. ఎవరి పాటైనా సరే, తన వంటింట్లో బల్ల మీద పెట్టి, వేగం సగానికి దించి, మధ్య మధ్య తుంచి అతికించి క్యాసెట్లు చేస్తాడు. రంగురంగుల కార్లు డిక్కీలు పైకెత్తుకుని వీధంతా తమదే అన్నట్టు పాకుతూ పోయేటప్పుడు ఆ క్యాసెట్లే మోగుతాయి. ఆ కార్ల నడకకి మామూలు పాట నప్పదు మరి.

రెనార్డ్ పాట కూడా ఆ బల్ల మీదికెక్కింది. సన్నగొంతు కాస్తా పాతాళంలోంచి వచ్చే గొంతు అయింది. రెండేళ్ళు తిరిగేసరికి అది మోగని మంగలి షాపు లేదు. ఆ గొంతు విన్నవాళ్ళంతా ఆరడుగుల మనిషిని, ఎద్దు మెడని, తలుపంత ఛాతీని ఊహించుకున్నారు. ఇక ఈ చువ్వ వెళ్ళి "అది నేనే" అంటే ఎవడు నమ్ముతాడు?

"నువ్వు రాకెట్ రేవా? అయితే నేను నగర మేయర్ని, కూర్చో!" అన్నాడు మంగలి.

ఇంట్లోనైనా గతి ఉందా అంటే అదీ లేదు. మామ్మ ఓజెలీన్, తల్లికి తల్లి, అతన్ని పెంచిన మనిషి, చిలగడదుంప పిండి కలుపుతూ రేడియో వైపు గరిటె చూపించింది. "ఈ బొంగురు గొంతు నీదా? పొద్దున్నే అబద్ధాలేంట్రా! నీది పిల్లి గొంతు. నువ్వు పాడేది ఒక్క ముక్క అర్థమైతే ఒట్టు. ఇతనెవరో పుణ్యాత్ముడు, ఇంచక్కా విడమర్చి చెబుతున్నాడు."

"మామ్మా, ఆ పుణ్యాత్ముణ్ణి నేనే!"

"సరేలే, చేతులు కడుక్కుని రా."

ఇది చాలదన్నట్టు హోరేస్ టిబ్స్ ఊడిపడ్డాడు. హోరేస్ ఐసు ఫ్యాక్టరీలో దిమ్మలు మోస్తాడు, ఆదివారం చర్చిలో అందరికంటే కింది స్వరం పాడతాడు. ఆరడుగుల పైమాటే. ఒకరోజు కారు కడిగే చోట నిలబడి, మోగుతున్న క్యాసెట్‌తో పాటు పదం పదం కలిపి పాడుతున్నాడు. కుర్రాళ్ళు పట్టేశారు. "అన్నా, రాకెట్ రేవి నువ్వేనా?" అని అడిగారు. హోరేస్ మాట కూడా మనిషిలాగే బరువు, నిదానం. "కాదు" అనడానికి అతను నోరు తెరిచి, గొంతు సవరించుకునేలోగా వాళ్ళు ఊరంతా చెప్పేశారు. ఆ తరువాత అతనికి క్షవరం ఉచితం. పొగబెట్టిన టర్కీ కోడి కాళ్ళు దారి పొడవునా చేతికందుతున్నాయి. కడుపు నిండిన మనిషికి కాదనడం కష్టమే కదా.

రెనార్డ్ ఒళ్ళు మండిపోయింది. నేరుగా నెల్సన్ వంటింటికి వెళ్ళి పడ్డాడు.

"అన్నా, నా పాటని నువ్వు నీరుగార్చావు! నా పేరు పోయింది! ఎవడో ఐసు దిమ్మలు మోసేవాడు నా పేరుతో టర్కీ కాళ్ళు తింటున్నాడు!"

నెల్సన్ హెడ్‌ఫోన్లు ఒక చెవి మీంచి తీశాడు. కాసేపు ఆలోచించాడు. అతను ఆలోచించడం మొదలుపెడితే మనం కాఫీ పెట్టుకు తాగొచ్చు. "తమ్ముడూ, కూర్చో. పరిగెత్తి పాలు తాగే కంటే నిలబడి నీళ్ళు తాగడం మేలు. నీ పాట వినాలంటే జనం నీ వెంట పరిగెత్తాలి. నేను నిన్ను కాస్త ఆపాను, అంతే."

"ఆపమని ఎవడడిగాడు? ఆదివారం జనమంతా చేరే పార్కుకి నువ్వే వచ్చి చెప్పు, అది నా గొంతేనని."

"చెబుతా. నేను చెబితే నమ్ముతారు కూడా. కానీ అప్పుడు నెల్సన్ చెప్పాడు కాబట్టి నువ్వు రాకెట్ రేవి అవుతావు. నీకది సరేనా?"

రెనార్డ్‌కి పౌరుషం పొడుచుకొచ్చింది. ఆ పౌరుషమే లేకపోతే ఈ కథ ఇక్కడితో అయిపోయేది. "అక్కర్లేదు! ఆ ఐసువాణ్ణి కూడా పిలువు. ఇద్దరం మైకు పట్టుకుంటాం. నా పేరు నేనే గెలుచుకుంటా. గెలవలేకపోతే మళ్ళీ ఆ పేరెత్తను, ఒట్టు!"

"ఒట్టు వేసేముందు ఊపిరి పీల్చుకో తమ్ముడూ" అన్నాడు నెల్సన్, హెడ్‌ఫోన్లు మళ్ళీ పెట్టుకుంటూ.

ఆదివారం మధ్యాహ్నం పార్కు కిక్కిరిసిపోయింది. ఎర్రటి కార్లు, ఊదారంగు కార్లు, వాటి మీద కూర్చున్న అమ్మాయిలు, పొయ్యిల మీద పక్కటెముకల మాంసం. ఓజెలీన్ మామ్మ తన పాత కారు డిక్కీ తెరిచి చిలగడదుంప తీపిరొట్టె ముక్కలు అమ్ముతోంది. నెల్సన్ చెట్టు నీడన, చెక్క వేదిక పక్కన బల్ల వేసుకుని, వాద్యం మాత్రమే ఉన్న రికార్డుని తన పద్ధతిలో నెమ్మదిగా తిప్పడం మొదలుపెట్టాడు.

ముందు హోరేస్. మైకు అతని చేతిలో చెంచాలా కనబడింది. మొదటి మాట పలికాడో లేదో జనం ఊగిపోయారు. ఆ గొంతు నేలలోంచి వచ్చి మోకాళ్ళలో మోగింది. నెల్సన్ తుంచి అతికించిన చోట్ల కూడా, క్యాసెట్‌లో మాట రెండుసార్లు వస్తే అతనూ రెండుసార్లు అన్నాడు. పాపం, పాటంటే అలాగే ఉంటుందనుకున్నాడు.

"ఆపండి! దిగు! ఇప్పుడు నేను!" అని రెనార్డ్ మైకు లాక్కున్నాడు. నెల్సన్ వాద్యాన్ని అసలు వేగానికి ఎత్తాడు. రెనార్డ్ పేల్చాడు చూడండి, టపాకాయల దుకాణానికి నిప్పంటుకున్నట్టే! నాలుగు వరసలు అయ్యేసరికి ఎవడో అరిచాడు. "ఒరేయ్, ఎవడ్రా ఈ దోమ?"

"పాటని పాడుచేస్తున్నాడు! దించండి!"

"రాకెట్ రేని అనుకరించడం కూడా చేతకాలేదు వీడికి!"

రెనార్డ్ నిలువునా నీరైపోయాడు. తన పాట తానే తప్పు పాడుతున్నాడట! జనంలో మామ్మ కనబడింది. "మామ్మా, నువ్వైనా చెప్పు!" అని మైకులో మొత్తుకున్నాడు.

మామ్మ నిజాయితీ గల మనిషి. అదే కొంప ముంచింది. "వాడు నా మనవడు, బంగారం. కానీ ఆ పాట వాడిది కాదు బాబూ, వాడిది పిల్లి గొంతు" అంది. పార్కు పార్కంతా విరగబడి నవ్వింది.

ఇక దిగిపోవాల్సిందే. వేసిన ఒట్టు వేసినట్టే ఉంది, పేరు పోయినట్టే. అతను మైకు హోరేస్ చేతికిచ్చాడు. నెల్సన్ వాద్యాన్ని మళ్ళీ నెమ్మది చేయగానే హోరేస్ అందుకుని రెండో చరణం చివరిదాకా వచ్చి, ఒక మాట సగంలో టక్కున ఆపేశాడు. జనం కూడా అక్కడే ఆగి చప్పట్లు కొట్టారు. వాళ్ళందరికీ ఆ పాట అక్కడితో సరి. పాట వేగం తగ్గిస్తే నిడివి పెరుగుతుంది కదా, నెల్సన్ క్యాసెట్‌లో అక్కడికి టేపు అయిపోయింది.

రెనార్డ్ వేదిక మెట్టు మీద ఆగిపోయాడు. "ఇంకా ఉంది" అన్నాడు. ఎవరికీ వినబడలేదు. హోరేస్‌కి వినబడింది.

"ఏంటీ?"

"ఇంకో చరణం ఉంది."

హోరేస్ కళ్ళు ఇంతింతయ్యాయి. మైకు పక్కకి పెట్టి వంగాడు. "తమ్ముడూ, రెండేళ్ళుగా ఆ మాట తరువాత ఏముందో తెలియక నాకు నిద్ర పట్టడం లేదు. ఐసు మోస్తూ కూడా అదే ఆలోచన. నీకు తెలుసా?"

"రాసింది నేనే అన్నానా లేదా?"

"అయితే నువ్వే" అన్నాడు హోరేస్ మెల్లగా, తప్పు చేసి దొరికిన పిల్లాడిలా. "నేను కాదని మొదటిరోజే చెబుదామనుకున్నా. టైము పట్టింది. ఆ చరణం చెప్పవా?"

రెనార్డ్ చెప్పాడు. తన పద్ధతిలోనే, గబగబా, నాలుగు క్షణాల్లో. హోరేస్ తల గోక్కున్నాడు. "ఏమీ అర్థం కాలేదు తమ్ముడూ. ఒక్కో వరసా ఇవ్వు. నేను చెబుతా." నెల్సన్ రికార్డుని అదే నెమ్మదిలో మళ్ళీ తిప్పాడు. రెనార్డ్ చెవిలో ఒక వరస చెప్పడం, హోరేస్ దాన్ని మైకులో పలకడం.

"సాయంత్రం బస్సు మా వీధి మలుపు తిరిగేది,
మా ఇంటి ముందుకొచ్చేసరికి ముసలమ్మలా నడిచేది.
ఎక్కినవాళ్ళు గొణిగేవాళ్ళు, అమ్మ విననట్టు నవ్వేది,
స్టీరింగు మీద చెయ్యి ఉంచి, కిటికీ అద్దం దించేది."

మాంసం కాలుస్తున్నవాళ్ళు పటకార్లు దించారు. మామ్మ చేతిలో రొట్టె ముక్క కొనేవాడికి అందకుండా అలాగే ఉండిపోయింది.

"తపాలా పెట్టె నుంచి చర్చి దాకా, అంతే నాకున్న జాగా,
పక్కన పరిగెడుతూ నా రోజంతా చెప్పేవాణ్ణి ఏకధాటిగా.
ఊపిరి పీలిస్తే ఒక కబురు పోయేది, అందుకే పీల్చలేదు,
చర్చి దాటితే బస్సు ఊపందుకునేది, ఇక అందేది కాదు."

రెనార్డ్ ఇంతవరకూ నెల్సన్ చేసిన క్యాసెట్ ఒక్కటి కూడా మనసు పెట్టి విన్నవాడు కాదు, అంత కోపం. తన మాట ఇలా నిలబడి వినడం ఇదే మొదలు. రాసినప్పుడు కూడా, రికార్డు చేసినప్పుడు కూడా, ఈ చరణం దగ్గరికి వస్తే కాళ్ళు కాలినవాడిలా దాటేసేవాడు. ఇప్పుడు హోరేస్ ఒక్కో మాటనీ చేతిలో పెట్టి చూపిస్తుంటే పారిపోవడానికి చోటు లేకపోయింది. రొయ్యలూ గంబో గిన్నే అంతా ఉత్తి కబుర్లని అతనికే తెలిసిపోయింది. రాత్రి పిల్లలు నిద్రపోయాక గానీ ఇల్లు చేరని అమ్మతో మాట్లాడాలంటే ఆ వంద గజాలే దక్కేవి. అతని వేగమంతా అక్కడిది.

"ఆఖరి వరస?" అన్నాడు హోరేస్.

రెనార్డ్ ఈ ఒక్క వరస చెవిలో చెప్పకుండా మైకు వైపు చూశాడు. వాద్యం తిరుగుతూనే ఉంది. జనం కదల్లేదు, తొందరపెట్టలేదు. నిదానమనేది ఆ పేటల వాళ్ళకి ఒకరు నేర్పాల్సిన విద్య కాదు. హోరేస్ మైకు తీసి రెనార్డ్ నోటి ముందు పెట్టాడు.

సన్నటి గొంతుతో, పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి ఒక్కో మాటా విడిగా పలికాడు రెనార్డ్. "ఇప్పుడు చెప్పడానికి బోలెడు తీరిక ఉంది అమ్మా. బస్సే రావడం లేదు."

నెల్సన్ రికార్డు ఆపేశాడు. ముందుగా మాట్లాడింది ఊదారంగు కారుకి ఆనుకున్న ఒక పెద్దావిడ. "ఆగాగు. ఆ బస్సు నేనెక్కేదాన్ని! రోజూ రాత్రి పనికి ఆలస్యమే! ఇదేంటమ్మా ఇక్కడికి రాగానే బండి నిద్రపోతుంది అని నేనే తిట్టిపోశాను!"

"నేనూ తిట్టా" అన్నాడు మంగలి, టోపీ తీసి. "పక్కన ఒక బక్క వెధవ పరిగెడుతూ వాగుతుండేవాడు."

"ఆ బక్క వెధవ వీడే!" మామ్మ జనాన్ని తోసుకుంటూ వచ్చింది. చేతిలో ముక్క ఎప్పుడో కింద పడిపోయింది. మొహమంతా తడి. "అది మా వెర్లీన్ బస్సు. పోయిన నా కూతురు వెర్లీన్. ఒరే నాయనా, ఇన్నాళ్ళూ నువ్వు వాగేది ఇదా? నాకు ఒక్కసారైనా నిమ్మళంగా చెప్పొచ్చు కదరా!"

"చెబితే ఏడుస్తావని మామ్మా."

"ఏడవనీరా! నా కూతురు కోసం నన్ను ఏడవనీ!" అని వాడి చొక్కా పట్టుకుని గుంజి గుండెకి అదుముకుంది.

హోరేస్ మైకులో, తన బరువైన గొంతుతో, ఈసారి ఎవరూ పరిగెత్తిపోకుండా చివరిదాకా చెప్పాడు. "రాకెట్ రే ఇతను. నేను కాదు. నేను తిన్న టర్కీ కాళ్ళన్నీ ఇతనివే." జనం నవ్వారు, ఈలలు వేశారు, ఆ పేరు పెట్టి అరిచారు. రెండేళ్ళుగా అతను కోరుకున్న కేక అదే. తీరా వచ్చేసరికి అది మామ్మ భుజం మీదుగా ఎక్కడో దూరంగా వినబడింది.

ఊదారంగు కారు పెద్దావిడ దగ్గరికొచ్చి అతని గడ్డం పట్టుకుని మొహం ఇటూ అటూ తిప్పి చూసింది. ఆవిడ కళ్ళలో నీళ్ళున్నాయి, పాత కోపం కూడా కాస్త ఉంది.

"రాకెట్టూ గీకెట్టూ నాకు తెలీదు" అంది. "నువ్వు వెర్లీన్ కొడుకువి. అవునా?"

రెనార్డ్ ఊపిరి పీల్చుకున్నాడు.

"అవునండీ" అన్నాడు. "వెర్లీన్ కొడుకుని."