కుంకుడు వాసన

నేనొక ఎలుకల బోనుని. నోరు తెరుచుకుని ఎదురుచూడటమే నా బతుకు. కునుకన్నది పట్టదు. కొక్కెం కాస్త కదిలితే చాలు, ఒళ్లంతా ఝల్లుమంటుంది.

చీరాలలో ఇనప సామాన్లు చేసే సాయిబు నన్ను తీగలతో అల్లి, తలుపుకు స్ప్రింగు బిగించి సంతలో పెట్టాడు. మగ్గం నేసే కోటిలింగం, అతని భార్య పున్నమ్మ కొని తెచ్చుకున్నారు. పడుగు నూలుకు గంజి పెడతారు కదా, ఆ గంజి కోసం వాళ్లింట్లో ఎలుక దారాలు కొరికేస్తోంది. ఇంకో పడుగు పాడైతే మగ్గం విప్పించి వేరేవాళ్లకు ఇస్తానని నూలిచ్చే ఆసామి చెప్పి వెళ్లాడు. కోటిలింగానికి నేత తప్ప మరో పని రాదు.

ఎలుకంటే వినాయకుడి వాహనమాయె. అందుకని పున్నమ్మ రోజూ పొద్దున్నే నన్ను కుంకుడు రసంతో తోమి, పసుపు రాసి, బొట్టు పెట్టి, "తప్పు కాయి తండ్రీ" అని లెంపలేసుకుని, కొక్కేనికి గారె ముక్క గుచ్చేది. ఎలుక పేరు పైకి అనేది కాదు, అంటే వింటుందట. ‘చుట్టం’ అనేది. ఆ చుట్టం వచ్చేది, నా చుట్టూ తిరిగేది, కుంకుడు వాసనకు మీసాలు విదిలించి వెళ్లిపోయేది. దానికి చెవులే కాదు, ముక్కు కూడా ఉందని ఈ మనుషులకు ఎవరు చెప్పాలి? నాకు నోరు తెరవడమే కానీ మాట్లాడటం రాదు.

చివరికి కోటిలింగమే విసుక్కున్నాడు. "ఏమే, చుట్టాన్ని పట్టటానికా, పెళ్లి చెయ్యటానికా ఈ ముస్తాబు? ఇక కడగమాక. కొక్కెం బిగించమాక. గంజి గుడ్డ లోపలేసి వదిలెయ్. అలవాటు పడనీ."

"అపచారం కదయ్యా."

"మగ్గం పోతే అంతకన్నా అపచారం."

నేను మాసిపోయాను. చుట్టం లోపలికొచ్చి గంజి నాకింది. మర్నాడు ఇంకాసేపు కూర్చుంది. ఒక మధ్యాహ్నం నాలోనే ముడుచుకుని నిద్రపోయింది. పుట్టాక నన్ను నమ్మిన ప్రాణి అదొక్కటే. సంతోషమేసింది, వెంటనే గుబులేసింది.

ఆ సాయంత్రమే కోటిలింగం కొక్కెం బిగించాడు. రావద్దే, రావద్దే అనుకుంటూనే ఉన్నాను. తెలిసిన ఇంటికి వచ్చినట్టు వచ్చింది. తలుపు వేసింది నేనే.

పడుగు దక్కింది, మగ్గం ఇంట్లోనే నిలిచింది. ఆ మగ్గం చప్పుడు వింటుంటే వాళ్లను తప్పు పట్టబుద్ధి కాదు. పున్నమ్మ నన్ను మళ్లీ కుంకుడు రసంతో తోమి, బొట్టు పెట్టి అటకెక్కించింది. తలుపు తెరిచే ఉంది. ఈ వాసన ఉన్నంతకాలం ఏ చుట్టమూ నా గడప తొక్కదు. ఆ వాసన ఎక్కడ పోతుందోనని ఇప్పుడు నాకు కునుకు పట్టడం లేదు.