మంచినీళ్ళు ముట్టని మేడమ్

మా అవ్వ నోటికి తాళం వేయడం మాటలు కాదు. అయినా ఆ రోజు పొద్దున్నే వేశాను.

"అవ్వా, నీకు దండం పెడతా. ఆ మేడమ్ వచ్చినప్పుడు సీరియల్ మాట ఎత్తొద్దు" అన్నాను.

"ఎత్తనులే పాపా, నాకేంటికి" అంది పుట్టమ్మవ్వ, అలసంద కాయలు ఒలుస్తూ. అంత సులువుగా ఒప్పుకుందంటేనే నాకు అనుమానం మొదలైంది.

వచ్చేది ప్రార్థన మేడమ్. బెంగళూరులో పెద్ద బిజినెస్ స్కూల్‌కు డైరెక్టరు. పావగడ తాలూకా నుంచి ఒక్కరికి ఫీజు లేకుండా ఎంబీఏ సీటు ఇస్తామన్నారు. రాతపరీక్ష దాటి ఆఖరి ఇంటర్వ్యూ దాకా వచ్చాను. అది మా ఇంట్లోనే చేస్తారట. మనిషి ఎలాంటిదో ఇంట్లో చూస్తేనే తెలుస్తుందని మేడమ్ పట్టు. ఈ సీటు తప్పితే నేను మా ఊరు క్యాతగానచెర్లులో కూర్చుని, చేలన్నీ తీసుకుని కట్టిన సోలార్ పార్కులో ప్యానెళ్ళు లెక్కపెట్టుకోవాల్సిందే.

ఇదే ప్రార్థన మేడమ్ చిన్నప్పుడు టీవీ సీరియల్లో సిరి అనే అనాథ పిల్ల. నేను పుట్టకముందు సంగతి. అందులో ఒక గయ్యాళి అత్త, సిరి ముద్ద నోట్లో పెట్టుకోబోయే సమయానికి కంచం లాగేసేది. వారానికి ఐదు రోజులు లాగేది. మా అవ్వ వారానికి ఐదు రోజులూ ఏడ్చేది. ఆ సీరియల్ ఊసెత్తితే మేడమ్‌కు గిట్టదని ఏదో పేపర్లో చదివాను. అందుకే ఈ తాళం.

ఎండ నడినెత్తికెక్కాక కారు వచ్చింది. మేడమ్ దిగింది. వెంట ఆమెతో పాటు మార్కులు వేసే తేజస్ సార్, నలగని చొక్కా, చేతిలో ట్యాబ్. మంచినీళ్ళు తెచ్చి ఇవ్వబోతే సార్ అడ్డం వచ్చాడు.

"సారీ అమ్మా. ఇంటర్వ్యూకి వచ్చిన ఇంట్లో మేం పచ్చి మంచినీళ్ళు కూడా ముట్టం. స్కూల్ రూలు. ముట్టినవాళ్ళు మార్కులు వేయకూడదు."

"నేను పెట్టిన రూలే" అని మేడమ్ నవ్వింది.

ఆమె మొదటి ప్రశ్న అడగబోతుండగా వంటింట్లోంచి అవ్వ వచ్చింది, కంచంతో. పొగలు కక్కే రాగిముద్ద, అలసంద పులుసు, అంచున శనక్కాయ చట్నీ. అది మేడమ్ ముందు పెట్టి, ఆమె మొహంలోకి చూస్తూ, "తిను పాపా. ఈడ ఏ అత్తా లేదు" అంది.

సీరియల్ అన్న మాట మాత్రం ఎత్తలేదు, ఒప్పుకోవాలి. నాకు ఒళ్ళు మండిపోయింది.

తేజస్ సార్ పాపం మర్యాదగానే, "క్షమించండవ్వా, మేడమ్ తినకూడదు" అంటూ కంచం పట్టుకుని పక్కకు లాగాడు. అంతే, అవ్వ అతని మణికట్టు పట్టుకుంది.

"ఏమప్పా, నీకూ అదే బుద్ధా? బిడ్డ నోటికాడ తట్ట లాగతావా? అన్నేండ్లు టీవీ ముందర కూర్చోని, ఏం చేయలేక ఏడ్చినాను. అది అద్దం అవతల జరిగినాది. ఇది నా ఇల్లు. వదులు."

సార్ వదిలేశాడు. నా సీటు గంగలో కలిసిందని నాకు తేలిపోయింది.

"అవ్వా, ఆ కంచంలో నిజంగానే అన్నం ఉండేది" అంది మేడమ్. "నాకు నిజంగానే ఆకలేసేది. షాట్ సరిగ్గా రాలేదని మళ్ళీ మళ్ళీ లాగేవాళ్ళు. నేను తిన్నానా అని బాధపడిన మనిషిని ఇన్నాళ్ళకు ఇప్పుడే చూస్తున్నా."

లేచి చెయ్యి కడుక్కొచ్చి ముద్ద తుంచింది.

"మేడమ్, రూలు" అన్నాడు సార్.

"తెలుసు. నేను మార్కులు వేయను. నువ్వు వెయ్యి."

"రాగిముద్ద నమిలేది కాదు పాపా, పులుసులో అద్దుకోని మింగు" అంది అవ్వ.

అంటే నా బతుకు ఇప్పుడు మా అవ్వ చేత చీవాట్లు తిన్న మనిషి చేతుల్లో పడింది. ఇంక పోయేదేముందని తెగింపు వచ్చేసింది. ఏం వ్యాపారం చేస్తావని సార్ అడగ్గానే, పార్కులో ప్యానెళ్ళ కింద పెరిగే గడ్డికి గొర్రెలను తోలతానన్నాను. మేకలైతే ప్యానెళ్ళ మీదికి ఎక్కుతాయి, గొర్రెలు ఎక్కవన్నాను. వైర్లు కొరికితే అన్నాడు. పార్కువాళ్ళు వైర్లు ఎత్తి కడితే సరే, కట్టకపోతే గడ్డి కోసి తెచ్చి బయటే మేపుతానన్నాను. చెబుతున్న కొద్దీ ఉత్సాహం పొంగుకొచ్చి, కుర్చీలోంచి ఎప్పుడు లేచానో కూడా తెలియలేదు.

చివరికి సార్ ఒక ప్రశ్న వేశాడు. "రేపు నువ్వు మా మేడమ్ కుర్చీలో కూర్చున్నావనుకో. ఎవరింట్లోనో ఒక అవ్వ ఇలాగే కంచం పెడుతుంది. ఈ రూలు తీసేస్తావా?"

మేడమ్ చెయ్యి ఆగిపోయింది. తీసేస్తానంటే ఆమెకు నచ్చుతుంది. తీయనంటే సార్‌కు నచ్చుతుంది. ఇంత చదువుకున్నవాళ్ళకు ఈ చిన్న విషయం తోచలేదేమని నాకు కోపం కూడా వచ్చింది.

"రూలు తీయను సార్. వేళ మారుస్తాను. సరిగ్గా అన్నం వేళకి జనాల ఇండ్లకొచ్చి, మేం తినం అనేదేంది? పొద్దున్నే రండి. అడిగేది అడగండి, మార్కులు వేసేయండి. ఆ పైన తింటే ఎవరొద్దంటారు?"

"అద్దీ" అంది అవ్వ.

సార్ మొహంలో ఏమీ కనబడలేదు. ట్యాబ్ మీద ఏదో కొట్టి పక్కన పెట్టాడు.

"ఎంత వేశావు తేజస్?" అంది మేడమ్.

"మీరు అడక్కూడదు మేడమ్. మీరు తిన్నారు." నా వైపు తిరిగాడు. "నువ్వు అడగొచ్చు."

ఎంత వేశారు సార్ అని అడిగాను.

"బట్టలు సర్దుకో. సీటు నీదే."

ఒక్క ఉదుటున వీధిలోకి పరుగెత్తాను. ఒకప్పుడు మా చేను ఉన్న చోట, ఆ ప్యానెళ్ళ మధ్య, నాన్న కాపలా డ్యూటీలో ఉన్నాడు. ఫోన్ చేయొచ్చన్న ఆలోచనే రాలేదు.

"నాయనా, సీటు వచ్చినాది" అని అక్కడిదాకా వినబడేట్టు అరిచాను.